ఆర్సన్ వెల్స్‌ని ఎలా చూడాలి, ఏం నేర్చుకోవాలి: ముందు చెవులతో మొదలుపెట్టండి

నాటకాలు వేస్తూ షార్ట్ ఫిల్మ్స్ వైపు వచ్చే పిల్లలు నాకు తరచూ చెప్పే మాట ఒకటుంది. "అన్నా, సిటిజన్ కేన్ చూశాం, బానే ఉంది, కానీ అంత గొప్ప సినిమా అని ఎందుకంటారో మాత్రం ఎక్కలేదు, సగంలోనే ఫోన్ తీశాం" అని. వాళ్ళని నేను తప్పుపట్టను. ఎనభై ఏళ్ళ కిందటి బ్లాక్ అండ్ వైట్ సినిమాని, దాని వెనకాల ఏముందో చెప్పకుండా, ఒక్కదాన్నే తెచ్చి ముందు పెట్టి ఇదిగో కళాఖండం చూడు అంటే ఎవరికైనా అలాగే ఉంటుంది. ఆ సినిమా తీసింది, అందులో కేన్‌గా వేసింది ఆర్సన్ వెల్స్ అనే అమెరికన్ దర్శకుడు, నటుడు. అసలు వెల్స్‌ని సినిమాతో మొదలుపెట్టడమే తప్పని నా గట్టి నమ్మకం. మొదటి సినిమా తీసేనాటికి ఆయనకి పాతికేళ్ళే, కానీ అప్పటికే వెనకాల దాదాపు పదేళ్ళ స్టేజీ ఉంది, ఊరూరా వినపడ్డ రేడియో గొంతు ఉంది. సినిమాలో చేసిందంతా అక్కడి నుంచి మోసుకొచ్చిందే. ఆ దారిన మనం కూడా నడిస్తే సిటిజన్ కేన్ దానంతటదే తెరుచుకుంటుంది.

కాబట్టి ఇది సినిమాల లిస్టు కాదు. ఒక మనిషి కెరీర్ మొత్తాన్ని వరసగా చూస్తూ, ప్రతి మెట్టు దగ్గరా మీరు కూడా ఏదో ఒకటి చేసి చూసుకునే పద్ధతి. రెండు నెలలు పెట్టుకోండి, వారానికి రెండు సాయంత్రాలు చాలు. కావాల్సినవి ఒక నోట్‌బుక్, మంచి హెడ్‌ఫోన్స్, ఫోన్‌లో వాయిస్ రికార్డర్, కుదిరితే ముగ్గురు నలుగురు తోటి నటులు. ఒంటరిగా కంటే టీమ్‌తో చేస్తేనే బావుంటుంది ఎందుకంటే ఈయన జీవితమంతా ఒక టీమ్ కథే.

మొదటి రెండు వారాలు: లైట్లు ఆర్పేసి వినండి

1938 జూలైలో అమెరికాలో సీబీఎస్ రేడియోలో మర్క్యురీ థియేటర్ అనే వెల్స్ సొంత నాటక కంపెనీ వాళ్ళ సిరీస్ మొదలైంది. వారానికి ఒక గంట, ప్రతి వారం ఒక కొత్త కథ. మొదటిది డ్రాక్యులా. మొదట్లో ఆ సిరీస్‌కి పెట్టిన పేరు ఫస్ట్ పర్సన్ సింగులర్, అంటే కథని "నేను" అంటూ ఒకడు చెప్తూ ఉంటాడు, మధ్యలో సీన్లోకి దూరి పాత్ర అయిపోతాడు, మళ్ళీ బయటికొచ్చి మనతో మాట్లాడతాడు. మన హరికథ దాసు గారు చేసేది చూసినవాళ్ళకి ఇది చెప్పక్కర్లేదు, ఒక్క చిడతల దెబ్బతో హనుమంతుడు అయిపోయి వెంటనే మళ్ళీ దాసు గారు అయిపోవడం మనకి కొత్త కాదు కదా. ఈ రికార్డింగులు చాలావరకు ఇంటర్నెట్ ఆర్కైవ్‌లో ఉచితంగా దొరుకుతాయి.

రాత్రి పూట గదిలో లైట్ ఆర్పేసి ముందు డ్రాక్యులా వినండి, తర్వాత అక్టోబర్ 30, 1938 నాటి వార్ ఆఫ్ ది వరల్డ్స్. ఇంగ్లీష్ ఇబ్బంది అయితే కథ ముందే తెలుగులో ఎవరిచేతైనా చెప్పించుకుని వినండి, అందులో సిగ్గుపడాల్సింది ఏం లేదు, నాటకం కథ తెలిసి చూసే అలవాటు మనకి తరతరాలుగా ఉంది. మాటలు అన్నీ అర్థం కాకపోయినా మీరు వినాల్సింది వేరే ఉంది.

వార్ ఆఫ్ ది వరల్డ్స్‌లో ఏం చేశారంటే, అంగారకుడి మీద నుంచి వచ్చినవాళ్ళు భూమ్మీద దాడి చేసే కథని మామూలు రేడియో ప్రోగ్రాం లాగా నడిపారు. డాన్స్ మ్యూజిక్ వస్తూ ఉంటుంది, మధ్యలో ఆపి వార్త చదువుతారు, మళ్ళీ మ్యూజిక్, మళ్ళీ వార్త, ఈసారి కాస్త కంగారుగా. న్యూజెర్సీలో ఒక పొలం దగ్గర నుంచి రిపోర్టర్ మాట్లాడుతూ మాట్లాడుతూ ఉండగానే గొంతు ఠక్కున తెగిపోతుంది. ఆ తర్వాత వచ్చే నిశ్శబ్దం వినండి. కొన్ని సెకన్లే, కానీ రేడియోలో నిశ్శబ్దం అంటే స్టేజీ మీద కరెంటు పోయినట్టు. ఆ రిపోర్టర్ పాత్ర వేసిన నటుడు ఫ్రాంక్ రీడిక్ రిహార్సల్‌కి ముందు, అంతకు ముందు ఏడాది హిండెన్‌బర్గ్ ఎయిర్‌షిప్ కాలిపోయినప్పుడు కళ్ళారా చూస్తూ మాట్లాడిన రేడియో రిపోర్టర్ రికార్డింగ్ పదే పదే విని ఆ వణుకు పట్టుకున్నాడు. స్క్రిప్ట్ రాసింది హోవర్డ్ కోచ్. ఇలాంటి పేర్లు నోట్‌బుక్‌లో రాసుకుంటూ పోండి, ఎందుకో తర్వాత చెప్తా.

ఒక జాగ్రత్త. ఆ రాత్రి అమెరికా అంతా జనం రోడ్ల మీదకి పరిగెత్తారని చాలాచోట్ల రాస్తారు. కొంతమంది నిజంగానే భయపడ్డారు, ఫోన్లు చేశారు, కానీ దేశమంతా అల్లకల్లోలం అన్నది పేపర్లు పెంచి రాసిన కథ. ఆ టైములో ఎక్కువమంది పక్క స్టేషన్లో వేరే ప్రోగ్రాం వింటున్నారు. వెల్స్ గురించి చదివేటప్పుడు ఈ అలవాటు చేసుకోవాలి, ఆయన చుట్టూ కథలు ఎక్కువ, ఆయన తన గురించి తాను చెప్పుకున్న కథలు ఇంకా ఎక్కువ.

ఇప్పుడు మీ పని. మీ నాటకాల్లోంచి మూడు నిమిషాల సీన్ ఒకటి తీసుకోండి. ఫోన్ మధ్యలో పెట్టి, ఒకళ్ళు ఫోన్‌కి దగ్గరగా, ఒకళ్ళు గది మూల నుంచి, ఒకళ్ళు తలుపు బయట నుంచి మాట్లాడండి. డైలాగ్ మార్చొద్దు, దూరం ఒక్కటే మార్చండి. తర్వాత కళ్ళు మూసుకుని వినండి. ఎవరు బలవంతుడో, ఎవరు ఒంటరో, ఎవరు ఇంట్లోంచి వెళ్ళిపోతున్నారో దూరమే చెప్పేస్తుంది. విజయవాడ రేడియో నాటకాలు విని పెరిగిన పెద్దవాళ్ళు మీ ఇంట్లో ఉంటే వాళ్ళకి వినిపించండి, ఎక్కడ పొరపాటు చేశారో వాళ్ళు ఇట్టే పట్టేస్తారు.

తర్వాత స్టేజీ: చూడ్డానికి మిగిలింది తక్కువ, నేర్చుకోడానికి ఎక్కువ

వెల్స్ 1915 మే 6న అమెరికాలో విస్కాన్సిన్ రాష్ట్రంలో కెనోషా అనే ఊళ్ళో పుట్టాడు. తొమ్మిదేళ్ళకి తల్లి పోయింది, పదిహేనేళ్ళకి తండ్రి పోయాడు. ఇల్లినాయిలో టాడ్ స్కూల్ అని ఒక బోర్డింగ్ స్కూల్, అక్కడ రోజర్ హిల్ అనే మాస్టారు ఈ పిల్లాడికి స్టేజీ మొత్తం అప్పజెప్పేశాడు. 1931లో పదహారేళ్ళ వయసులో ఐర్లండ్ వెళ్ళి డబ్లిన్‌లో గేట్ థియేటర్ తలుపు తట్టి, నేను బ్రాడ్‌వే స్టార్‌ని అని చెప్పి వేషం సంపాదించాడు. ఆ థియేటర్ నడిపే హిల్టన్ ఎడ్వర్డ్స్, మిహోల్ మక్‌లీమోర్ ఆ మాట నమ్మారో లేదో గానీ కుర్రాడిలో సత్తా ఉందని మాత్రం తెలుసుకున్నారు. ఇరవై ఏళ్ళ తర్వాత వెల్స్ తీసిన ఒథెల్లో సినిమాలో విలన్ ఇయాగో వేసింది ఈ మక్‌లీమోరే. మొదట్లో అన్నం పెట్టినవాళ్ళని మర్చిపోలేదు.

స్టేజీ మీద ఆయన చేసినవాటిలో మూడు చాలు మనకి.

1936 ఏప్రిల్, న్యూయార్క్ హార్లెమ్‌లో లఫాయెట్ థియేటర్. ఆర్థిక మాంద్యం రోజులు, పని లేని కళాకారులకి పని ఇవ్వడానికి ప్రభుత్వమే ఫెడరల్ థియేటర్ ప్రాజెక్ట్ అని పెట్టింది. అందులో నల్లజాతి కళాకారుల యూనిట్‌కి వెల్స్ షేక్స్‌పియర్ మాక్‌బెత్ చేయించాడు. స్కాట్లండ్ తీసేసి కథని హైతీ లాంటి ద్వీపానికి మార్చి, మంత్రగత్తెల్ని వూడూ మంత్రగాళ్ళుగా పెట్టి, స్టేజీ నిండా డ్రమ్ములు. వందమందికి పైగా మనుషులు. డైరెక్టర్ వయసు ఇరవై. అమెరికాలో నల్లవాళ్ళకి స్టేజీ మీద నౌకరు వేషాలు తప్ప పెద్దగా ఇవ్వని రోజుల్లో రాజు, రాణి, సేనాపతి అందరూ వాళ్ళే. దీని చివరి సీన్ నాలుగు నిమిషాలు వుయ్ వర్క్ అగైన్ అనే ప్రభుత్వ డాక్యుమెంటరీలో మిగిలింది, వెతికితే దొరుకుతుంది. చూసేటప్పుడు జనం గుంపుగా ఎలా కదులుతున్నారో చూడండి, ఆ గుంపే సెట్టింగు.

రెండోది 1937 జూన్ 16. ది క్రేడిల్ విల్ రాక్ అని కార్మికుల మీద మ్యూజికల్, మార్క్ బ్లిట్జ్‌స్టైన్ రాసింది. మొదటి షో ముందు ప్రభుత్వం ఆపేసింది, థియేటర్‌కి తాళం వేసేసింది. ప్రొడ్యూసర్ జాన్ హౌస్‌మన్, వెల్స్ కలిసి ఇంకో ఖాళీ థియేటర్ పట్టుకుని, టికెట్ కొన్న జనాన్ని ఇరవై వీధుల అవతలికి నడిపించుకుంటూ తీసుకెళ్ళారు. యూనియన్ వాళ్ళేమో నటులు స్టేజీ ఎక్కడానికి వీల్లేదన్నారు. సరే, స్టేజీ ఎక్కకూడదు అన్నారు గానీ జనంలో కూర్చుని లేచి పాడకూడదు అనలేదు కదా. స్టేజీ మీద బ్లిట్జ్‌స్టైన్ ఒక్కడే పియానో ముందు కూర్చుని మొదలుపెట్టాడు, హాల్లో ఒక మూల నుంచి ఒక అమ్మాయి లేచి నిలబడి తన పాట అందుకుంది, తర్వాత ఇంకో మూల నుంచి ఇంకొకళ్ళు. ఇది చదివినప్పుడల్లా నాకు ఒళ్ళు జలదరిస్తుంది. పరిషత్తు పోటీల్లో మైకు పోయిందని, లైటు పోయిందని నాటకం ఆపేసినవాళ్ళని చూశా, ఒకసారి మేమూ ఆపేశాం, ఆ రోజుకి ఈ కథ తెలిసి ఉంటే ఆపేవాళ్ళం కాదు.

మూడోది అదే ఏడాది నవంబర్లో జూలియస్ సీజర్, మర్క్యురీ థియేటర్ మొదటి నాటకం. రోమన్ బట్టల్లేవు, నటులకి ఫాసిస్టు యూనిఫామ్ లాంటి బట్టలు, మామూలు కోట్లు. సెట్టింగు లేదు, థియేటర్ వెనక గోడకి ఎర్ర రంగు కొట్టి అలాగే వదిలేశారు. లైటింగ్ చేసింది జీన్ రోజెంతాల్. నేల లోంచి పైకి కొట్టే లైట్లు, హిట్లర్ పార్టీ సభల్లో ఆకాశంలోకి కొట్టిన లైట్ల లాగా. డబ్బు లేక సెట్టింగు మానేశారు అనుకోవచ్చు, కానీ ఆ చీకట్లోంచి మొహాలు మాత్రమే బయటికి రావడం చూస్తే సిటిజన్ కేన్‌లో సగం అక్కడే ఉందని తెలుస్తుంది.

ఈ వారం పని: మీ నాటకానికి సెట్టింగు మొత్తం తీసేయండి. కర్టెన్లు, సోఫా, గోడ మీద క్యాలెండర్ అన్నీ. ఒక్క లైట్, ఒక బల్ల ఉంచండి. సీన్ నిలబడిందా, పడిపోయిందా? పడిపోతే ఆ సీన్ సోఫా మీద బతుకుతోందని అర్థం.

ఇప్పుడు సిటిజన్ కేన్, మూడు సార్లు

1939లో హాలీవుడ్‌లోని ఆర్‌కేఓ స్టూడియో పిలిచి ఫైనల్ కట్ హక్కుతో, అంటే సినిమా చివరి ఎడిటింగ్ తనదే అన్న హక్కుతో, కాంట్రాక్ట్ ఇచ్చింది. ఒక్క సినిమా కూడా తీయని కుర్రాడికి అలాంటి కాంట్రాక్ట్ అప్పటికి ఎవరూ ఇవ్వలేదు, హాలీవుడ్‌లో చాలామందికి కడుపు మండింది. మొదటి ప్రాజెక్ట్ బడ్జెట్ ఎక్కువై ఆగిపోయింది, ఆ తర్వాతే కేన్. 1941 మే 1న న్యూయార్క్‌లో ప్రీమియర్.

మొదటిసారి మామూలుగా చూసేయండి, నోట్స్ వద్దు. ఒక పత్రికల యజమాని చనిపోతూ ఒక మాట అంటాడు, ఆ మాటకి అర్థం ఏంటని ఒక రిపోర్టర్ అతన్ని తెలిసినవాళ్ళందర్నీ అడుగుతూ తిరుగుతాడు, అంతే కథ. ఆ యజమాని పాత్ర తనదేనని అనుకున్న పత్రికల అధిపతి హర్స్ట్ తన పేపర్లలో సినిమా పేరు కూడా రాకుండా చేశాడు. తొమ్మిది ఆస్కార్ నామినేషన్లు వస్తే ఒక్కటే గెలిచింది, స్క్రిప్ట్‌కి, అది కూడా హెర్మన్ మాంకీవిచ్‌తో కలిపి.

రెండోసారి స్క్రీన్ వైపు చూడకుండా హెడ్‌ఫోన్స్‌తో వినండి. నిజంగానే చెప్తున్నా, స్క్రీన్ ఆపేయండి. రెండు వారాలు రేడియో విన్న చెవులకి ఇప్పుడు తెలుస్తుంది. పిల్లాడు కేన్‌కి గార్డియన్ "మెర్రీ క్రిస్మస్" అంటాడు, అదే గొంతు "అండ్ ఎ హ్యాపీ న్యూ ఇయర్" అనేసరికి ఏళ్ళు గడిచిపోయాయి, పిల్లాడు పెద్దవాడయ్యాడు. ఒక్క వాక్యం మధ్యలో బాల్యం మొత్తం ఎగిరిపోయింది. ఇంకోటి, ఒక చిన్న గదిలో సూసన్ పాట పాడుతుంది, కేన్ చప్పట్లు కొడతాడు, ఆ చప్పట్లు వీధిలో చిన్న గుంపు చప్పట్లుగా మారతాయి, అక్కడ స్నేహితుడు ఎన్నికల ప్రసంగం మొదలుపెట్టిన వాక్యాన్ని పెద్ద సభలో కేన్ గొంతు పూర్తి చేస్తుంది. ఎడిటింగ్ టేబుల్ దగ్గర పుట్టిన ఆలోచన కాదిది, రేడియో స్టూడియోలో పుట్టింది. ఆ పెద్ద ప్యాలెస్‌లో భార్యాభర్తలు గదికి ఆ చివరా ఈ చివరా కూర్చుని మాట్లాడుకుంటుంటే వచ్చే ప్రతిధ్వని కూడా గమనించండి, మీరు ఫోన్ పెట్టి చేసిన దూరం ఆటే. బ్యాక్‌గ్రౌండ్ స్కోర్ చేసిన బెర్నార్డ్ హెర్మన్‌కి ఇదే మొదటి సినిమా, రేడియోలో వెల్స్‌తో పనిచేసినవాడే.

మూడోసారి సౌండ్ మ్యూట్ చేసి చూడండి. ఇప్పుడు కెమెరామన్ గ్రెగ్ టోలండ్ పని కనపడుతుంది. లోపల బల్ల దగ్గర తల్లి కాగితాల మీద సంతకం పెడుతోంది, వెనక కిటికీలోంచి దూరంగా మంచులో పిల్లాడు ఆడుకుంటున్నాడు, ఇద్దరూ ఒకే స్పష్టతతో. పిల్లాడి బతుకు లోపల నిర్ణయమైపోతోంది, వాడికి తెలీదు, మనకి తెలుసు. స్టేజీ మీద ముందూ వెనకా ఒకేసారి రెండు పనులు నడిపించినవాడికే ఇలా తోస్తుంది. కెమెరా నేలకి దగ్గరగా పెట్టి పైకి చూసేసరికి సీలింగ్ కనపడాలి, మామూలుగా సెట్లకి సీలింగ్ ఉండదు, మైకులు పైన వేలాడతాయి కదా, అందుకని గుడ్డతో సీలింగ్ కట్టి మైకుల్ని దాని పైన దాచారు. ఎన్నికల్లో ఓడిపోయాక వచ్చే సీన్‌కి ఇంకా కింద నుంచి చూడాలని నేల తవ్వించి కెమెరా దింపారు. ఇంకొకటి తెలిసి ఉండటం మంచిది, అన్ని షాట్లూ లెన్స్ మహిమ కాదు. సూసన్ చచ్చిపోవాలని మందు మింగేసిన సీన్‌లో ముందు గ్లాసు, వెనక తలుపు రెండూ క్లియర్‌గా ఉంటాయి చూడండి, అది ఫిల్మ్‌ని వెనక్కి తిప్పి రెండు సార్లు ఎక్స్‌పోజ్ చేసింది. ఇది తెలీక మనవాళ్ళు ఖరీదైన లెన్సులు అద్దెకి తెచ్చుకుని బాధపడతారు.

టైటిల్స్‌లో వెల్స్ తన పేరు పక్కనే, అదే కార్డు మీద టోలండ్ పేరు వేశాడు. ఇప్పుడు మీ నోట్‌బుక్ తీయండి. రేడియోలో రాసుకున్న పేర్లు, స్టేజీలో రాసుకున్న పేర్లు, ఇక్కడి పేర్లు పక్కపక్కన పెట్టి చూడండి, జోసెఫ్ కాటన్, ఆగ్నెస్ మూర్‌హెడ్, ఎవరెట్ స్లోన్, రే కాలిన్స్. అదే టీమ్. జీనియస్ ఒక్కడే ఆకాశం నుంచి ఊడిపడ్డాడు అన్న కథ ఇక్కడితో వదిలేయండి. వెల్స్ గొప్పతనం తగ్గదు, కానీ మీరు నేర్చుకునేది మారుతుంది, మంచి లెన్స్ కంటే మంచి ట్రూప్ ముందు కావాలని తెలుస్తుంది.

చేతిలో డబ్బు లేనప్పటి సినిమాలు

రెండో సినిమా ది మాగ్నిఫిసెంట్ ఆంబర్సన్స్. 1942లో ఆయన ఇంకో సినిమా కోసం బ్రెజిల్‌లో ఉండగా కాలిఫోర్నియాలోని పొమోనాలో ప్రివ్యూ వేశారు, జనం నవ్వారు, స్టూడియో భయపడి 131 నిమిషాల సినిమాని 88 నిమిషాలకి కోసేసింది, చివర మార్చి వేరేవాళ్ళతో తీయించింది. కోసిన ముక్కలు ఇప్పటిదాకా దొరకలేదు. మిగిలింది కూడా చూడండి, చాలా బావుంటుంది, బాధగానూ ఉంటుంది. ఇక్కడి నుంచి ఆయన జీవితమంతా ఎడిటింగ్ రూమ్ తాళం చెవి కోసం పోరాటమే.

నాటకాల వాళ్ళు తప్పకుండా పట్టించుకోవాల్సింది 1948 మాక్‌బెత్. చిన్న స్టూడియో, 23 రోజుల షూటింగ్. అది ఎలా కుదిరిందంటే ముందు ఏడాది సాల్ట్ లేక్ సిటీలో అదే నాటకం స్టేజీ మీద వేసేశారు, అంటే రిహార్సల్స్ జనం ముందే అయిపోయాయి. అట్టముక్కల సెట్లు కొన్నిచోట్ల తేలిపోయాయి, ఒప్పుకోవాలి. కానీ పద్ధతి మాత్రం మనకి బంగారం, ఒక ఏడాది పరిషత్తుల్లో తిరిగిన నాటకాన్ని వారం పది రోజుల్లో షూట్ చేసుకోవచ్చు, నటులకి డైలాగ్ రక్తంలో ఉంటుంది.

తర్వాత ఒథెల్లో. దీని మీద కనీసం ఒక వారం పెట్టండి. మొరాకో, ఇటలీల్లో ముక్కలు ముక్కలుగా మూడేళ్ళు పట్టింది. డబ్బు అయిపోగానే షూటింగ్ ఆపేసి ఎవరి సినిమాలోనో వేషం వేసి ఆ డబ్బు తెచ్చి మళ్ళీ మొదలుపెట్టేవాడు. 1949 నాటి ది థర్డ్ మాన్‌లో ఆయన వేషం ఈ రోజుల్లోదే, డైరెక్టర్ కెరోల్ రీడ్, తెర మీద ఉండేది కాసేపే కానీ సినిమా అంతా ఆయనదే అనిపిస్తుంది, ఆలస్యంగా ఎంట్రీ ఇచ్చే పాత్ర ఎలా వేయాలో అది చూసి నేర్చుకోండి. ఒథెల్లో షూటింగ్‌లో ఒక రోజు కాస్ట్యూమ్స్ రాలేదు. నటులు వచ్చేశారు, బట్టల్లేవు. అయితే ఆ హత్య సీన్ స్నానాల గదిలో పెడదాం, అక్కడ తువ్వాళ్ళు చాలు కదా అన్నాడు. ఆవిరి, చెక్క పలకల సందుల్లోంచి కత్తిపోట్లు, సినిమాలో అందరికీ గుర్తుండే సీన్ అదే అయ్యింది. ఒక షాట్ ఒక దేశంలో, దానికి జవాబు షాట్ నెలల తర్వాత ఇంకో దేశంలో తీశాడు. 1952లో కాన్ ఫెస్టివల్‌లో పెద్ద బహుమతి వచ్చింది, మొరాకో సినిమాగా వెళ్ళి. ఒకటి మాత్రం సూటిగా చెప్పాలి, ఆయన మొహానికి నల్ల రంగు పూసుకుని ఒథెల్లో వేశాడు, హార్లెమ్‌లో నల్లజాతి నటులకి రాజు వేషం ఇచ్చిన మనిషి ఇక్కడ ఆ పని చేయడం నాకు ఇప్పటికీ కష్టంగానే ఉంటుంది. ఇష్టమైనవాళ్ళ పనిని చూసేటప్పుడు ఇది కూడా నోట్‌బుక్‌లో రాయాలి.

పని: ఈ వారం మీకు ఏదో ఒకటి లేదనుకోండి. కాస్ట్యూమ్ లేదు, లేదా లొకేషన్ పర్మిషన్ లేదు, లేదా ఒక నటుడు రాలేదు. చీటీల మీద రాసి ఒకటి తీయండి. అది లేకపోవడం వల్లే సీన్ బావుండేలా మార్చి తీయండి. అది లేదని ప్రేక్షకుడికి తెలిస్తే మళ్ళీ తీయండి.

1955లో లండన్‌లో స్టేజీ మీద మోబీ డిక్ చేశాడు. ఖాళీ స్టేజీ, ఒక నాటక కంపెనీ రిహార్సల్ చేసుకుంటున్నట్టు, ఓడ లేదు, సముద్రం లేదు, నటులందరూ కలిసి ఒకే లయలో ఊగితే సముద్రం వచ్చేసింది. వీధి నాటకాలు వేసేవాళ్ళకి ఇది కొత్తేం కాదు, కానీ సినిమాలో ఇంత పేరున్నవాడు తిరిగి తిరిగి స్టేజీకి వస్తూనే ఉన్నాడన్నది గుర్తుపెట్టుకోండి.

టచ్ ఆఫ్ ఈవిల్: ఏ వెర్షన్ చూడాలి

1958 సినిమా. వెతికేటప్పుడు 1998లో రీఎడిట్ చేసిన వెర్షన్ అడగండి. ఎందుకంటే స్టూడియో ఆయన చేతుల్లోంచి సినిమా లాక్కుని కోసి అతికించింది, ఆయన అది చూసి 58 పేజీల ఉత్తరం రాశాడు, ఏ సీన్‌లో ఏం మార్చాలో వివరంగా. అప్పుడు ఎవరూ పట్టించుకోలేదు, నలభై ఏళ్ళకి వాల్టర్ మర్చ్ అనే ఎడిటర్ ఆ ఉత్తరం పట్టుకుని మళ్ళీ ఎడిట్ చేశాడు. మొదటి షాట్ మూడు నిమిషాలకి పైనే, కారు డిక్కీలో బాంబు, కట్ లేకుండా కెమెరా ఊరంతా తిరుగుతుంది. పాత వెర్షన్‌లో ఆ షాట్ మీద టైటిల్స్, మ్యూజిక్ వేసేశారు. ఆయన అడిగింది ఏంటంటే అక్కడ సినిమా మ్యూజిక్ వద్దు, వీధిలో ఒక్కో బారు దాటుతుంటే ఒక్కో పాట వినపడాలి అని. కొత్త వెర్షన్‌లో అలాగే ఉంది. రెండూ దొరికితే ఆ మూడు నిమిషాలు ఒకదాని తర్వాత ఒకటి కళ్ళు మూసుకుని వినండి.

అందరూ ఆ మొదటి షాట్ గురించే మాట్లాడతారు. నేను మాత్రం సినిమా మధ్యలో ఒక చిన్న అపార్ట్‌మెంట్‌లో పోలీసులు సోదా చేసే సీన్ చూడమంటాను. చెప్పుల పెట్టె ఎక్కడుందో కన్నేసి ఉంచండి. నిమిషాల కొద్దీ కట్ ఉండదు, కానీ కట్ లేదని కూడా తెలీదు, నటులు దగ్గరికీ దూరానికీ జరుగుతూ క్లోజప్పులు వాళ్ళే చేసుకుంటారు. పగలంతా రిహార్సల్ చేసి సాయంత్రం తీసిన షాట్ అది. నాటకాల వాళ్ళకి ఇదే పెట్టుబడి, మనకి రిహార్సల్ ఓపిక ఉంది, సినిమా సెట్లో దానికి టైము ఇవ్వరు, మీ సొంత సినిమాలో మీరు ఇచ్చుకోండి.

ది ట్రయల్ వీలైతే చూడండి, 1962, పారిస్‌లో వాడకుండా వదిలేసిన రైల్వే స్టేషన్లో చాలా భాగం తీశారు, సెట్లకి డబ్బు లేకపోతే అలా.

చైమ్స్ ఎట్ మిడ్‌నైట్‌ని చివరికి దాచుకోండి

నాకు అన్నిటికంటే ఇష్టమైంది ఇదే, 1965. షేక్స్‌పియర్ రాజుల నాటకాల్లో ఫాల్‌స్టాఫ్ అని ఒక లావుపాటి, తాగుబోతు, అబద్ధాలకోరు, మంచివాడు ఉంటాడు, యువరాజుకి స్నేహితుడు. రాజయ్యాక యువరాజు అందరి ముందూ నువ్వెవరో నాకు తెలీదు అంటాడు. అంతే కథ. ఈ కథని వెల్స్ స్కూల్లో ఉన్నప్పుడే స్టేజీ మీద ప్రయత్నించాడు. 1939లో ఫైవ్ కింగ్స్ పేరుతో పెద్ద ఎత్తున చేస్తే ఘోరంగా ఫెయిలైంది. 1960లో బెల్‌ఫాస్ట్, డబ్లిన్‌లలో మళ్ళీ స్టేజీ మీద వేశాడు, దర్శకత్వం ఆ పాత గేట్ థియేటర్ హిల్టన్ ఎడ్వర్డ్స్. అప్పుడు యువరాజు వేసిన కీత్ బాక్స్టర్‌నే సినిమాలోకి తెచ్చుకున్నాడు. ఒక కథని ముప్ఫై అయిదేళ్ళు వదల్లేదు.

స్పెయిన్లో తీశారు. యుద్ధం సీన్ చూడండి, వేలమంది ఉన్నట్టు ఉంటుంది, నిజానికి జూనియర్ ఆర్టిస్టులు వందల్లోనే. బురద, పొగమంచు, చిన్న చిన్న ముక్కలు, చెవుల్లో మూలుగులు, ఇనుము శబ్దం. ఆ చర్చి సీన్లలో రాజు మాట్లాడుతుంటే నోట్లోంచి ఆవిరి వస్తుంది, నిజంగానే చలి. సౌండ్ రికార్డింగ్ అక్కడక్కడా పెదాలకి సరిపోదు, మొదటి పది నిమిషాలు ఇబ్బంది పెడుతుంది, భరించండి.

పని: మీ మొదటి నాటకం, బాగా ఆడనిది, ఏదో ఉంటుంది కదా. దాని స్క్రిప్ట్ తీయండి. కొత్తది రాయకండి, దాన్నే తీసుకుని ఇప్పుడు ఏ పాత్ర వైపు నుంచి చెప్తారో ఒక పేజీ రాయండి.

తర్వాత ఎఫ్ ఫర్ ఫేక్, 1970ల్లో వచ్చింది, దొంగ పెయింటింగులు వేసేవాడి మీద సగం డాక్యుమెంటరీ, సగం గారడీ. యూట్యూబ్‌కి వీడియోలు ఎడిట్ చేసేవాళ్ళు దీన్ని రెండు సార్లు చూడాలి. ది అదర్ సైడ్ ఆఫ్ ది విండ్ 1970లో మొదలుపెట్టాడు, పూర్తి చేయలేకపోయాడు, 1985 అక్టోబర్ 10న చనిపోయాడు, చివరికి ఇతరులు పూర్తి చేస్తే 2018లో నెట్‌ఫ్లిక్స్‌లో వచ్చింది. మిగతావన్నీ అయ్యాకే దాని జోలికి వెళ్ళండి, లేకపోతే తికమకగా ఉంటుంది.

ఇక ఆఖరి పని. ఈ రెండు నెలల్లో చేసిన ముక్కల్లోంచి ఒకటి ఎంచుకుని, పది నిమిషాల షార్ట్ ఫిల్మ్ చేయండి. ముందు పది నిమిషాలూ సౌండ్ మాత్రమే రికార్డ్ చేసి టీమ్ అంతా చీకట్లో కూర్చుని వినండి, కథ అర్థమైతేనే కెమెరా తీయండి. చివర్లో పేర్లు స్క్రీన్ మీద పైకి పాకించకండి. ఆంబర్సన్స్ చివర వెల్స్ ఏం చేశాడో చూసి అలా చేయండి, అక్కడ ఆయన గొంతే ఒక్కొక్కరి పేరూ చదువుతుంది, ఎవరి పేరు చెప్తే వాళ్ళ మొహమో వాళ్ళ పనిముట్టో కనపడుతుంది, కెమెరా, ఎడిటింగ్, నటులు అందరూ అయ్యాక ఆఖరున ఒక మైకు కనపడుతుంది, రాసింది దర్శకత్వం చేసింది నేను, నా పేరు ఆర్సన్ వెల్స్ అంటాడు, మైకు మెల్లగా దూరం వెళ్ళిపోతుంది. మీ టీమ్‌లో లైట్ పట్టుకున్న కుర్రాడి దగ్గర నుంచి టీ తెచ్చినవాళ్ళ దాకా అందరి పేర్లూ మీ గొంతుతో చదవండి.